'ఆఫ్టర్ ది బాల్' ఎవరి పాట? షో బోట్‌దా, ట్రిప్ టు చైనాటౌన్‌దా?

మీరడిగినవి మూడు. 'షో బోట్' సినిమాలో న్యూ ఇయర్ రాత్రి కథానాయిక మాగ్నోలియా పాడే 'ఆఫ్టర్ ది బాల్', 'షో బోట్'కి సంగీతం కట్టిన జెరోమ్ కెర్న్ పాటేనా? కొన్నిచోట్ల అది 'ఎ ట్రిప్ టు చైనాటౌన్' అనే నాటకంలోదని ఎందుకు రాస్తున్నారు? మ్యూజికల్స్, అంటే పాటలతో నడిచే నాటకాల నుంచి వచ్చిన మొట్టమొదటి హిట్ పాట ఇదేనా? కాలేజీ ప్రోగ్రాంలో పాడటానికి పల్లవి ఒక్కటే దొరికిందని కూడా రాశారు. దాని సంగతి చివర్లో చెబుతాను, ఎందుకంటే అన్నిటికంటే ముఖ్యమైనది అదే.

ఈ పాట కెర్న్‌ది కాదు. చార్ల్స్ కె. హారిస్ అనే ఆయన రాసి, బాణీ కట్టి, 1892లో తనే అచ్చు వేసుకున్న పాట. అప్పటికి కెర్న్‌కి ఏడేళ్ళు. పోనీ 'ఎ ట్రిప్ టు చైనాటౌన్' కోసం రాశారా అంటే అదీ కాదు. ఆ నాటకం న్యూయార్క్‌లో మొదలైంది 1891 నవంబర్‌లో. మొదటి రోజు చూసినవాళ్ళెవరూ ఈ పాట వినలేదు. తర్వాత ఊరూరా తిరుగుతున్న బృందంలోని ఒక గాయకుడి చేత పాడించి, పాటని నాటకంలోకి తెచ్చారు. ఇలా రెండు ప్రసిద్ధ మ్యూజికల్స్ పేర్లు తగిలించుకున్న పాట ఆ రెంటిలో దేనికోసమూ పుట్టలేదు. నేను అమెరికాలో కమ్యూనిటీ థియేటర్లకి చాలా ఏళ్ళుగా రిహార్సల్ పియానో వాయిస్తున్నాను. ఆ కాలపు షీట్ మ్యూజిక్, అంటే పాటల్ని స్వరాలతో సహా అచ్చు వేసిన కాగితాలంటే ప్రాణం. వాయించేవాళ్ళలో కూడా సగం మంది దీన్ని కెర్న్ ఖాతాలోనే వేస్తారు. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

హారిస్ 1867లో న్యూయార్క్ రాష్ట్రంలోని పకీప్సీలో పుట్టాడు. మిషిగన్‌లోని సాగినాలో కొన్నాళ్ళు పెరిగి, కుర్రతనంలోనే మిల్వాకీ చేరాడు. బాంజో వాయించేవాడు, నేర్పేవాడు. నొటేషన్ (సంగీతాన్ని కాగితం మీద రాసే లిపి) చదవడం, రాయడం రెండూ రావు. బాణీ మనసులో కట్టుకుని పాడి వినిపిస్తే, సంగీతం చదువుకున్న ఇంకొకరు కాగితం మీద పెట్టేవారు. 'ఆఫ్టర్ ది బాల్'కి ఆ పని చేసింది మిల్వాకీ బ్యాండ్ మాస్టర్ జోసెఫ్ క్లౌడర్. ఎవరికి ఎలాంటి పాట కావాలంటే అలాంటి పాట రాసిస్తానని హారిస్ బోర్డు కట్టుకుని కూర్చునేవాడు. పెళ్ళికో, పుట్టినరోజుకో, చావుకో, ఏదైనా సరే.

అంతకుముందు ఒక పెద్ద పబ్లిషర్‌కి ఇచ్చిన పాటకి తన వాటాగా 85 సెంట్లు వచ్చాయని హారిస్ తన ఆత్మకథలో రాసుకున్నాడు. ఇక నా పాటలు నేనే అచ్చు వేసుకుంటానని తీర్మానించుకోవడానికి కారణం అదేనట. మిగతా చరిత్రంతా ఆ తీర్మానం మీదే నడిచింది కాబట్టి దీన్ని గుర్తుపెట్టుకోండి. అప్పటి మామూలు పద్ధతి వేరు. పాట రాసినవాడు కొద్దిపాటి డబ్బుకి హక్కులు మొత్తం అమ్మేసుకునేవాడు, పాట పెద్దదైతే లాభం పబ్లిషర్‌ది. హారిస్‌కి ముందు తరంలో అమెరికా అంతా పాడుకున్న పాటలు రాసిన స్టీఫెన్ ఫాస్టర్ 1857లో తన పాటల మీద రావలసిన రాబడిని దాదాపు 1,900 డాలర్లకు వదిలేసుకున్నాడు. 1864లో 37 ఏళ్ళకి చనిపోయేనాటికి అతని పర్సులో ఉన్నవి 38 సెంట్లు. అలాంటి దేశంలో, అలాంటి వ్యాపారంలో, నొటేషన్ కూడా రాని పాతికేళ్ళ కుర్రాడు రచన, బాణీ, హక్కు, అచ్చు అన్నీ తన చేతిలోనే ఉంచుకున్నాడు.

ఇక పాట పుట్టుక. చికాగోలో ఒక డాన్స్ పార్టీకి వెళ్ళినప్పుడు, కాసేపటి క్రితం దాకా కలిసి ఉన్న ఒక జంట పోట్లాడుకుని ఎవరి బండి వాళ్ళు ఎక్కి వెళ్ళిపోవడం హారిస్ చూశాడట. డాన్సు అయిపోయాక ఎన్ని గుండెలు బాధపడుతుంటాయో కదా అనే వాక్యం మనసులో పడింది. దాని చుట్టూ ఒక కథ అల్లాడు. ఆ కథ చెప్పకుండా పాట గురించి మాట్లాడటం అనవసరం.

ఒక చిన్నపాప ముసలాయన ఒళ్ళోకి ఎక్కి అడుగుతుంది: బాబాయ్, నువ్వెందుకు పెళ్ళి చేసుకోలేదు? నీకు పిల్లల్లేరా, ఇల్లు లేదా? నాకూ ఒకప్పుడు ఒక అమ్మాయి ఉండేది, చెబుతా విను అంటాడు ఆయన. ఇది మొదటి చరణం. రెండో చరణంలో డాన్స్ హాలు, దీపాలు, మెత్తగా వాద్యాల చప్పుడు. ఆ అమ్మాయి దాహం వేస్తోంది, మంచినీళ్ళు తెచ్చిపెట్టమంటుంది. ఇతను గ్లాసు పట్టుకుని తిరిగి వచ్చేసరికి ఇంకెవరో మగవాడు ఆమెను ముద్దు పెట్టుకుంటున్నాడు. చేతిలో గ్లాసు జారిపడి పగిలిపోతుంది. ఆ తర్వాత నా గుండె కూడా అంతే పాపా, అంటాడు. మూడో చరణంలో ఏళ్ళు గడిచిపోయాయి, ఆమె చనిపోయింది. జరిగిందేమిటో చెప్పబోయింది, బతిమాలింది, ఇతను వినలేదు. చివరికి ఒకరోజు ఆ మగవాడి దగ్గర నుంచి ఉత్తరం వస్తుంది: నేను ఆమె అన్నని. అందుకే ఒంటరిగా ఉన్నాను పాపా, ఆమె గుండె పగలగొట్టింది నేనే అని ముగిస్తాడు.

కథ పాతకాలపుదే, కన్నీళ్ళు పెట్టించడానికి రాసిందే. కానీ అల్లిక చూడండి. ప్రతి చరణం 'ఆఫ్టర్ ది బాల్' అనే మాటలతో ముగుస్తుంది, వెంటనే పల్లవి అవే మాటలతో మొదలవుతుంది. మన పద్యాల్లో ముక్తపదగ్రస్తం ఎలా నడుస్తుందో అచ్చం అలాగే, విడిచిన మాటనే మళ్ళీ అందుకుంటుంది. పల్లవి మూడుసార్లూ అక్షరం మారదు గానీ అర్థం మారుతూ పోతుంది. మొదటిసారి వింటే లోకంలో ఎవరి గురించో చెప్పిన మాట. రెండోసారికి అది అతని బాధ. మూడోసారి, ఉత్తరం వచ్చాక, అది ఆమె బాధ. గ్లాసు కూడా అలాంటిదే. రెండో చరణంలో పగిలింది తన గుండె అంటాడు, మూడో చరణంలో తను పగలగొట్టింది ఆమె గుండె అని ఒప్పుకుంటాడు. సంగీతం రాయడం రాని మనిషి చేసిన కట్టడం ఇది. నాకు మాత్రం పాట విజయంలో సగం వాటా దీనిదేనని నమ్మకం. వ్యాపార చరిత్రలు రాసేవాళ్ళు ఈ సంగతి ఎత్తరు.

మొదటి ప్రదర్శన మాత్రం బెడిసికొట్టింది. మిల్వాకీలో ఒక అమెచ్యూర్ కార్యక్రమంలో పాడిన గాయకుడు మధ్యలో చరణం మరిచిపోయి ఆగిపోయాడు. మూడు చరణాలు, ఒక్కొక్కటి ఎనిమిది లైన్లు, కథ వరస తప్పితే అందుకోవడం కష్టం. పాట అక్కడే పోయేదే.

సరిగ్గా అప్పుడు 'ఎ ట్రిప్ టు చైనాటౌన్' బృందం మిల్వాకీ వచ్చింది. ఈ నాటకం గురించి కొంచెం చెప్పాలి. చార్ల్స్ హెచ్. హాయ్ట్ రాసిన కామెడీ, సంగీతం పెర్సీ గాంట్. శాన్ ఫ్రాన్సిస్కోలో కుర్రకారు చైనాటౌన్ చూసి వస్తామని పెద్దాయనకి అబద్ధం చెప్పి, ముసుగుల డాన్స్ పార్టీకి పోవాలని ప్లాన్ వేస్తారు. వాళ్ళకి తోడుగా వస్తానని ఒక వితంతువు రాసిన ఉత్తరం పొరపాటున ఆ పెద్దాయన చేతిలోనే పడుతుంది. తనని రమ్మంటోందనుకుని ఆయన కూడా రాత్రి రెస్టారెంట్‌కి తయారవుతాడు. ఇక అక్కడ గందరగోళం. నాటకం మొత్తంలో చైనాటౌన్ అసలు కనిపించదు. న్యూయార్క్‌లో 657 ప్రదర్శనలు ఆడింది. బ్రాడ్వే మ్యూజికల్స్‌లో ఆ రికార్డు 1919లో మొదలైన 'ఐరీన్' వచ్చేదాకా చెక్కు చెదరలేదు.

ఆ రోజుల్లో ఇలాంటి నాటకాల్లో పాటల జాబితా రాయి మీద గీసిన గీత కాదు. కథకీ పాటకీ పొంతన ఉండి తీరాలన్న పట్టింపు లేదు. ఈ ఊళ్ళో ఒక పాట తీసేస్తారు, వచ్చే ఊళ్ళో ఇంకోటి పెడతారు. గాయకుడికి నచ్చిన పాట, జనం అడిగిన పాట, ఎవరో డబ్బిచ్చి పాడమన్న పాట, అన్నీ చెల్లేవి. 'ఆఫ్టర్ ది బాల్'కి కనీసం ఒక సాకు దొరికింది, నాటకంలో డాన్స్ పార్టీ ఉంది కదా.

ఆ బృందంలో జె. ఆల్డ్రిచ్ లిబ్బీ అనే బారిటోన్ గాయకుడికి మంచి పేరుండేది. హారిస్ అతన్ని పట్టుకున్నాడు. 500 డాలర్లు, అమ్మకాల్లో కొంత వాటా ఇస్తానని ఒప్పించాడు. 500 డాలర్లంటే ఆ రోజుల్లో ఒక మామూలు కార్మికుడి ఏడాది సంపాదనకి దగ్గరగా ఉండే మొత్తం. ఇంకా రూపాయి రాని పాట కోసం అంత పెట్టాడు. షీట్ మ్యూజిక్ కవర్ మీద లిబ్బీ ఫొటో కూడా వేశాడు. పాటని ఎవరు పాడుతున్నారో చూపించి అమ్మడం, పాడినందుకు గాయకుడికి ముట్టజెప్పడం తర్వాత పాటల వ్యాపారంలో నిత్యకృత్యం అయ్యాయి. దానికి ప్లగ్గింగ్ అని పేరు కూడా వచ్చింది.

ఆ రోజు లిబ్బీ పాడి ముగించాక హాలు ఒక నిమిషం పాటు నిశ్శబ్దంగా ఉండిపోయిందనీ, ఆ తర్వాత జనం లేచి నిలబడి చప్పట్లు కొడుతూనే ఉన్నారనీ, పల్లవి ఆరుసార్లు మళ్ళీ పాడవలసి వచ్చిందనీ హారిస్ రాశాడు. చెప్పింది పాట సొంతదారు, అదీ 1926లో అచ్చయిన ఆత్మకథలో, కాబట్టి నిమిషాలూ లెక్కలూ అటూ ఇటూ ఉండొచ్చు. కానీ మళ్ళీ మళ్ళీ పాడించుకున్నారంటే నమ్మడానికి నాకేమీ ఇబ్బంది లేదు. మన పద్యనాటకాల్లో వన్స్ మోర్ కొట్టించుకుని పద్యం తిరగెత్తిన నటుల సంగతి తెలిసినవాళ్ళెవరికీ ఉండదు. తర్వాత బోస్టన్‌లోని ఆలివర్ డిట్సన్ కంపెనీ నుంచి ఒకేసారి 75,000 కాపీలకు ఆర్డర్ వచ్చిందని కూడా ఆయన మాటే.

1893లో చికాగోలో ప్రపంచ ఎగ్జిబిషన్ జరిగింది. మే నుంచి అక్టోబర్ దాకా రెండున్నర కోట్లకు పైగా జనం వచ్చారు. అక్కడ జాన్ ఫిలిప్ సౌసా బ్యాండ్ ఈ పాటని వాయించింది. దేశం నలుమూలల నుంచి వచ్చినవాళ్ళు బాణీని చెవుల్లో పెట్టుకుని ఇళ్ళకి వెళ్ళారు, వెళ్ళి షీట్ మ్యూజిక్ కొన్నారు. మధ్యతరగతి ఇళ్ళలో పియానో ఉండే కాలం అది. సాయంత్రం అమ్మాయి వాయిస్తే ఇంటిల్లిపాదీ చుట్టూ నిలబడి పాడేవారు. హిట్ అంటే అప్పట్లో అచ్చు కాగితాల అమ్మకమే. మొత్తం 50 లక్షల కాపీలు అమ్ముడుపోయాయని చాలా పుస్తకాల్లో ఉంటుంది. ఆ అంకె పబ్లిషర్ల లెక్కల నుంచి వచ్చింది, పబ్లిషరేమో హారిసే. కాబట్టి మీరెక్కడైనా వాడితే 'చెబుతారు' అని కలపండి. పది లక్షలు ఎప్పుడో దాటిందన్నది మాత్రం గట్టి మాటే. పాట అంటే పెద్ద వ్యాపారం అని అమెరికన్ పబ్లిషర్లకు అర్థమైంది ఈ పాటతోనే. న్యూయార్క్‌లో 28వ వీధిలో పాటల కంపెనీలన్నీ పక్కపక్కన చేరి టిన్ పాన్ ఆలీ అని పేరు పడింది ఆ తర్వాతి సంవత్సరాల్లో. హారిస్ కూడా న్యూయార్క్ వెళ్ళి కంపెనీ నడిపాడు, 1897లో 'బ్రేక్ ది న్యూస్ టు మదర్', 1901లో 'హలో సెంట్రల్, గివ్ మీ హెవెన్' లాంటి పెద్ద పాటలు రాశాడు, 1930లో పోయాడు.

మరి మొదటి హిట్ ఇదేనా? మ్యూజికల్ అనే మాటకి మీరిచ్చే అర్థాన్ని బట్టి ఉంటుంది. 1866లో న్యూయార్క్‌లో నిబ్లోస్ గార్డెన్‌లో 'ది బ్లాక్ క్రుక్' అనే భారీ ప్రదర్శన మొదలైంది. మొదటి రాత్రి అయిదున్నర గంటలు నడిచింది. అందులో మిల్లీ కావెండిష్ పాడిన 'యూ నాటీ, నాటీ మెన్' అమెరికన్ మ్యూజికల్ నుంచి వచ్చిన తొలి జనాదరణ పాటగా చాలామంది చెబుతారు. గమనించండి, అది కూడా బయటి నుంచి చొప్పించిన పాటే. నాటకం కోసమే రాసి, నాటకంలోనే జనాన్ని వెర్రెక్కించిన పాట కావాలంటే 1899లో లండన్‌లో, మరుసటి ఏడాది న్యూయార్క్‌లో ఆడిన 'ఫ్లోరోడోరా'లోని 'టెల్ మీ, ప్రెట్టీ మెయిడెన్' చూడండి. లెస్లీ స్టువర్ట్ బాణీ, ఆరుగురు అమ్మాయిలు, ఆరుగురు మగవాళ్ళు కలిసి పాడతారు. కెర్న్ సంగతికొస్తే, అతనికి పేరు తెచ్చిన 'దే డిడ్న్ట్ బిలీవ్ మీ' కూడా 1914లో లండన్ నుంచి వచ్చిన 'ది గర్ల్ ఫ్రమ్ యూటా' న్యూయార్క్ ప్రదర్శన కోసం అదనంగా చేర్చినదే. కెర్న్ ఆ పద్ధతిలోనే పైకొచ్చాడు.

అందుకే 'షో బోట్'లో అతను చేసిన పని నాకు చాలా ఇష్టం. 1927 డిసెంబర్ 27న జీగ్‌ఫెల్డ్ థియేటర్‌లో మొదలైన ఈ నాటకంలో ప్రతి పాటా కథలో నుంచి రావాలని కెర్న్, మాటలూ పాటలూ రాసిన హామర్‌స్టీన్ పట్టుపట్టారు. రెండో అంకంలో 1904 చివరి రాత్రి, చికాగోలో ట్రొకడెరో అనే క్లబ్. భర్త వదిలేసి వెళ్ళిన మాగ్నోలియా పొట్టకూటి కోసం మొదటిసారి అక్కడ పాడబోతోంది. తాగి గోల చేస్తున్న జనం. గొంతు వణుకుతోంది. అనుకోకుండా జనంలో కూర్చున్న తండ్రి క్యాప్టెన్ ఆండీ ఆమెను గుర్తుపట్టి ధైర్యం చెబుతాడు. ఆమె నిలదొక్కుకుంటుంది, చివరికి హాలంతా ఆమెతో గొంతు కలుపుతుంది.

ఇక్కడ కెర్న్ తన బాణీ పెట్టుకోవచ్చు. పెట్టుకోలేదు. పన్నెండేళ్ళుగా అందరికీ కంఠతా వచ్చిన పాట అయితేనే ఆ జనం గొంతు కలపడం నిజమనిపిస్తుంది. 1927లో నాటకం చూస్తున్న పెద్దవాళ్ళకి కూడా అది చిన్నప్పుడు ఇంట్లో పియానో దగ్గర పాడుకున్న పాట. వేదిక మీది జనం, హాల్లోని జనం ఒకే పాట దగ్గర కలుస్తారు. ఒకప్పుడు పొంతన లేకుండా ఒక నాటకంలోకి దూరిన పాట, ఇంకో నాటకంలో ఇంకేదీ పనికిరానంత సరిగ్గా కుదిరింది. ఆ సన్నివేశంలోనే ఇంకో పాత పాట 'గుడ్‌బై, మై లేడీ లవ్' కూడా వాడారు, అది జో హోవర్డ్‌ది. 'ఆఫ్టర్ ది బాల్'ని 1936 సినిమాలో ఐరీన్ డన్ పాడింది, 1951 సినిమాలో కాథ్రిన్ గ్రేసన్.

ఇక మీకు పల్లవి ఒక్కటే దొరకడం గురించి. 'షో బోట్' సన్నివేశానికి కావలసింది జనం కలిసి పాడే పల్లవి. చరణాలతో పని లేదు. అసలు అంతకుముందే, 1893లో జార్జ్ జె. గాస్కిన్ లాంటివాళ్ళు అప్పటి రికార్డులైన మైనపు సిలిండర్ల మీద పాడినప్పటి నుంచే కథ కుదించుకుపోవడం మొదలైంది. సిలిండర్‌లో పట్టేది రెండు మూడు నిమిషాలే. పైగా కాపీలు తీసే సదుపాయం సరిగా లేక గాయకుడు అదే పాటని రికార్డింగ్ యంత్రాల కొమ్ముల ముందు నిలబడి మళ్ళీ మళ్ళీ పాడాలి. మూడు చరణాలు, మూడు పల్లవులు ఎక్కడ పడతాయి? అలా పాప పోయింది, గ్లాసు పోయింది, ఉత్తరం పోయింది. మిగిలింది హాయిగా ఊగే వాల్ట్జ్. ఇప్పుడు వినేవాళ్ళు దాన్ని సరదా పాట అనుకుంటున్నారు. నాకు నిజంగా బాధగా ఉంటుంది.

కాబట్టి దయచేసి మూడు చరణాలూ పాడండి. పూర్తిగా పాడితే అయిదారు నిమిషాలు పడుతుంది. టైం తక్కువైతే పల్లవిని ఒకసారి తగ్గించండి, మొదటి చరణం తర్వాత వదిలేసి రెండో, మూడో చరణాల తర్వాత పాడండి. చరణం మాత్రం కత్తిరించొద్దు. నడక మన లెక్కలో తిశ్రం, అంటే మూడేసి లెక్కల నడక. చరణాల్లో దాన్ని పట్టుకుని ఊగకుండా కథ చెబుతున్నట్టు కొంచెం వదులుగా పోనివ్వండి, పియానో వాయించేవాళ్ళు మీ వెనక రావాలి. పల్లవిలో మాత్రం నడక గట్టిగా నిలవాలి. గ్లాసు పడే లైన్ దగ్గర గొంతు పెంచకండి. 'అతను ఆమె అన్న' అనే లైన్ ముందు చిన్న ఆపు చాలు. చివరి పల్లవి మొదటిదానికంటే మెల్లగా, తక్కువ గొంతుతో మొదలుపెట్టండి. మాటలు అవే కాబట్టి తేడా అంతా మీ గొంతులోనే తెలియాలి.

హక్కుల గురించి టెన్షన్ పడకండి. 1892 పాట అమెరికాలో ఎప్పుడో అందరిదీ అయిపోయింది. మన దేశంలో రచయిత పోయిన తర్వాత 60 ఏళ్ళ లెక్క, ఆ రకంగా చూసినా 1990తోనే గడువు తీరింది. కొత్తగా ఎవరైనా చేసిన అరేంజ్‌మెంట్ వాడితే మాత్రం దాని హక్కు వేరు. అందుకని పాత షీట్ మ్యూజిక్‌కే వెళ్ళండి. అమెరికన్ యూనివర్సిటీల లైబ్రరీలు ఈ కాలపు పాటల్ని స్కాన్ చేసి ఉచితంగా పెట్టాయి. డౌన్‌లోడ్ చేసేటప్పుడు మూడు చరణాలూ ఉన్న ప్రతి అవునో కాదో చూసుకోండి, తర్వాతి కాలంలో అచ్చయిన చాలా పాటల పుస్తకాల్లో మూడో చరణం ఉండదు.